గీతకు జవాబుదారి



నూజివీడునుండి ఆగిరిపల్లికిని, ముసునూరునకును, చాట్రాయికిని పోవు దారులలో మామిడితోటల నడుమనున్న పాత యిండ్లలో, అటకమీదనో గోడబీరువాలోనో, నేటికిని ఒకవిధమగు గ్రంథములు కానవచ్చుచుండును. వానికి ప్రచురణకర్త లేడు, వెల లేదు, పీఠిక లేదు. వారపత్రికలలోను మాసపత్రికలలోను వెలువడిన ధారావాహికలను ఆ యింటి యిల్లాలో, హైస్కూలుకు పోవు కుఱ్ఱవాడో, పుట చినుగకుండ విడదీసి, వరుస తప్పకుండ పేర్చి, బైండు చేయువానిచేత కుట్టించి, అట్టకు కాలికో గుడ్డ అంటించి దాచుకొన్నవి అవి. తెలుగునాట బొమ్మలతో గూడిన కథలను శ్రద్ధగా సంకలనము చేసినవారిలో మొదటి తాంబూలము ఈ పాఠకులకే చెందవలెనని నేను నమ్ముదును. ఏ కథ నిలువదగినదో, ఏ బొమ్మ పాఱవేయరానిదో తామే నిర్ణయించుకొని, తమ చేతిడబ్బుతో బైండు కట్టించుకొన్న ఆ మనుష్యుల శ్రద్ధలో పదియవవంతైనను నేటి ప్రచురణలలో కనబడవలెనన్న కోరికతోనే ఈ ప్రసంగమునకు పూనుకొంటిని.

నేను మాటలాడబోవునది, కొలదిమంది పాఠకులకొఱకు, ఒక ప్రత్యేకమైన అభిరుచికొఱకు, కొలది ప్రతులుగా వెలువడు బొమ్మకథల సంకలనములను గూర్చి. జపానుదేశమున మాంగా అని పేరుపొందిన బొమ్మకథలు నేడు మన పల్లెటూళ్ల కాలేజీ పిల్లల చేతిఫోనులలోనికి సయితము వచ్చి చేరినవి. వానిని చూచి తామును అట్టివి గీయవలెనని, పదిమంది కలిసి ఒక సంకలనము అచ్చువేయించవలెనని ఉవ్విళ్లూరుచున్న యువకులును యువతులును మన మధ్యనే యున్నారు. కొందఱికి చేయి చక్కగా కుదిరినది. అయితే వారికి పెద్దలనుండి ఎదురగు ప్రశ్న ఒక్కటే: ఇట్టివి మంచివా, చెడ్డవా? కథావస్తువును మాత్రము చూచి ఆ ప్రశ్నకు జవాబు చెప్పుట అన్యాయమని నా మనవి. గీత ఎంత నిజాయితీతో గీయబడినది, అచ్చు ఆ గీతను ఎంతవఱకు కాపాడినది, గీసినవాని పేరు ఆ పుస్తకమున ఎచ్చట నున్నది, అది ఎవరు చదువదగినదని చెప్పి అమ్మినారు అను సంగతులన్నియు చూడక నీతి తీర్పు చెప్పబూనుట సాక్షిని విచారింపకయే శిక్ష వేయుట యగును.

ముందుగా అచ్చు సంగతి. ఆంధ్రపత్రిక సచిత్ర వారపత్రికలో బాపు వేసిన బొమ్మ నొకదానిని, అట్టి పాత బైండులోనిదానినే, భూతద్దము క్రింద పెట్టి చూడుడు. న్యూస్‌ప్రింటు పసుపుబారి, అంచులు పెళుసెక్కి యుండును. అయినను గీత చెక్కుచెదరలేదు. ఆ గీతకు ఇరుప్రక్కల సిరా కొంచెము చిక్కబడి గట్టు కట్టినట్లు కనబడును. లోహపు బ్లాకు కాగితముపై ఒత్తిన ఒత్తిడికి అది గుర్తు. ఆ కాలమున, చిత్రకారుడు నల్లసిరాతో గీసిన బొమ్మను ఫొటో తీసి, జింకురేకుమీదికి దించి, గీతలున్న చోటు విడిచి తక్కిన రేకును ఆమ్లముచేత తినిపించి బ్లాకు తయారుచేసెడివారు. ఆమ్లము ఒకింత ఎక్కువగా తినెనా, సన్నని గీత తెగిపోవును; తక్కువగా తినెనా, దగ్గఱదగ్గఱగా గీసిన గీతల సందులలో సిరా నిండి మసిముద్ద యగును. బూడిదరంగు ఛాయలు కావలెనన్నచో హాఫ్‌టోను బ్లాకు చేయించవలెను. అందులో బొమ్మ చుక్కలుగా విడిపోవును. న్యూస్‌ప్రింటుమీద అంగుళమునకు 55 మొదలు 65 వఱకు మాత్రమే ఆ చుక్కల వరుసలు నిలుచును, నున్నని ఆర్టుపేపరుమీదనైనచో 120, 133 వరుసల దాకను పోవచ్చును. అంతకుమించి ఆశపడినచో చుక్కలన్నియు కలిసి ముఖములు మసిబారును.

బాపు రేఖలోని పొదుపును మనవారు ఎంతయో ప్రస్తుతించిరి. ఆ పొదుపులో ప్రతిభతోబాటు అచ్చుయంత్రమును గూర్చిన ఎఱుకయు నున్నదని నా యభిప్రాయము. తెగని గీత, నిండు నలుపు, మిగిలిన చోటంతయు కాగితపు తెలుపు, ఈ మూడింటితోనే ముఖమున నవ్వును, చీర కుచ్చెళ్లలో నడకను చూపగలిగిన చిత్రకారునికి చౌకకాగితము శత్రువు కాజాలదు. తన బొమ్మ ఎట్టి కాగితముమీద, ఎట్టి యంత్రముమీద పడబోవునో తెలిసికొని, దానికి తగినట్లు గీయుట చిత్రకారుని ధర్మములలో నొకటి. నేటి పిల్లలు కంప్యూటరు తెఱపై వెలుగుచున్న బొమ్మను చూచి మురిసిపోయి, అదే ఆఫ్‌సెట్ అచ్చులో కాగితముమీదికి వచ్చునప్పుడు వెలుగంతయు ఆరిపోవుట చూచి ప్రెస్సువానిని నిందించుచున్నారు. తెఱపై వెలుగు తెఱది. కాగితముపై నిలుచునది సిరా. ప్రూఫు తీయించి, పగటివెలుతురులో పట్టి చూచి, నలుపు బూడిదయైన చోట గీత లావు పెంచుట, సందులు నిండిన చోట గీతలు తగ్గించుట చేయని సంకలనకర్త తన మిత్రుల శ్రమను తానే మసిపాలు చేయుచున్నాడు.

వడ్డాది పాపయ్యగారి మార్గము బాపు మార్గమునకు పూర్తిగా భిన్నము. 1921లో జన్మించి 1992లో కీర్తిశేషులైన ఆ మహనీయుడు చందమామ ముఖచిత్రములకును, యువ పత్రికకును వేసిన బొమ్మలలో గీతకంటె రంగు పొరలు ప్రధానము. ఋతువులును, పండుగలును, పురాణనాయికలును ఆయన కుంచెలో నీటిరంగుల పలుచని పొరలుగా ఒకదానిపై నొకటి వ్రాలినవి. అట్టి బొమ్మను అచ్చులోనికి దించుటయనగా పసుపు, ఎఱుపు, నీలము, నలుపు అను నాలుగు రంగులు వేఱువేఱుగా వచ్చి, ఒకే కాగితముపై, ఒకే చోట, వెండ్రుకవాసియు తప్పకుండ పడవలెను. కాగితము కొంచెము జరిగినచో పెదవి యెఱుపు పెదవిని దాటి చెంపమీదికి పోవును. కాటుకకన్ను రెండు కన్నులగును. మేలిముసుగు దేహమునుండి విడిపోయి వేఱొక వస్తువువలె తేలును.

ఇచ్చటనే అచ్చునకును నీతికిని గల చుట్టఱికము నాకు స్పష్టముగా కనబడినది. పాపయ్యగారి స్త్రీమూర్తులు శృంగారమున హద్దు మీఱినవని ఆక్షేపించువారిని నేనెఱుగుదును. వారిలో పలువురు చూచినది ఆ బొమ్మలను కాదు, వానిని దొంగచాటుగా తిరిగి అచ్చువేసిన నకళ్లను. పొరలన్నియు పోయి, మాంసపురంగు ఒక్కటే ముద్దగా మిగిలి, కన్నులలోని భావము చెరిగిపోయిన నకలులో శరీరము తప్ప మఱేమియు మిగులదు. మూలచిత్రములో ఆ శరీరము ఒక ఋతువునకో, ఒక విరహమునకో, ఒక ఎదురుచూపునకో రూపమై యుండెను. వస్తువు మాఱలేదు, భంగిమ మాఱలేదు. అచ్చు చెడుటచేత అర్థము చెడినది. చిత్రకారుడు చేయని అపరాధమును ముద్రాపకుడు చేసి, నింద మాత్రము చిత్రకారుని తలకు చుట్టినాడు.

అట్లని చక్కని అచ్చు దేనినైనను పావనము చేయునని నేను చెప్పుట లేదు. కార్బైడు పెట్టి మాగించిన బంగినపల్లి పైతోలు ఎంత పచ్చగా మెఱసినను టెంక దగ్గఱ పులుపు విఱుగనట్లు, ఆర్టుపేపరును, మెఱుగు అట్టయు, ఖరీదైన బైండింగును ఉన్నంతమాత్రమున లోపలి క్రౌర్యము కళ యైపోదు. నునుపైన కాగితముమీద అందముగా అచ్చైన పరహింస మఱింత జాగ్రత్తగా పరీక్షింపదగినది; ఏలయన అచ్చటి అందము చూపరి మనస్సును జోకొట్టుటకై తెచ్చిపెట్టుకొన్నది.

ఇక జపానువారి పద్ధతి. ఆ దేశమున బొమ్మకథ మొదట దళసరి పత్రికలో, తిరిగి వాడిన ముతక కాగితముమీద, ఒకే రంగు సిరాతో పడును. ఆ పత్రిక రైలులో చదివి విడిచిపెట్టుటకు పుట్టినది. పాఠకులు మెచ్చిన కథ తరువాత వేఱుగా, మేలైన కాగితముమీద, చిన్న పుస్తకముగా వెలువడును. అనగా అదే గీతకు రెండు జన్మలు. మన నూజివీడు ప్రాంతపు గృహిణి కత్తెరతోను సూదిదారముతోను చేసిన పనిని అచ్చట ప్రచురణసంస్థయే చేసినది. మనవారి బైండులో వెనుకపుటనున్న తలనొప్పి మాత్రల ప్రకటనయు, సగము వంటలశీర్షికయు కథతోబాటు శాశ్వతమైనవి. వారి పుస్తకములో చిత్రకారుడు తప్పులు దిద్దుకొని, కొన్ని పుటలు తిరిగి గీయుటకు గూడ అవకాశము పొందెను. మన ప్రచురణకర్తలు ఈ రెండవ జన్మను బొమ్మలతో సహా ఇచ్చినది అరుదు. వారపత్రికలో బొమ్మలతో వచ్చిన నవల పుస్తకమగునప్పుడు బొమ్మలు ఊడిపోయి, అక్షరములే మిగులుట మన ఆచారమైనది. ఆ బొమ్మలు ఎచ్చటకు పోయినవో, అసలు చిత్రములు ఎవరి బీరువాలో చివికినవో అడిగినవారు లేరు. దేవులపల్లి కృష్ణశాస్త్రిగారి కుమారుడు బుజ్జాయి 1960 దశకమున పంచతంత్రమును బొమ్మకథగా గీసినప్పుడు దానికి తగిన రంగుల అచ్చు బొంబాయిలోని ఇల్లస్ట్రేటెడ్ వీక్లీలో లభించినది. తెలుగువాని గీతకు, మన దేశపు ప్రాచీన కథకు, పరభాషాపత్రిక పీట వేసెను. ఇది తలచుకొన్నప్పుడెల్ల నాకు మనస్సు చివుక్కుమనును.

కొలదిమంది పాఠకుల సంకలనములకు జపానులో ఆదర్శమని చెప్పదగినది గారో. 1964లో నగాయ్ కత్సుఇచి స్థాపించిన ఈ మాసపత్రిక, షిరాతో సంపేయ్ వ్రాసి గీసిన కాముయ్ కథను అచ్చువేయుటకై పుట్టి, పెద్దపత్రికలు ముట్టని ప్రయోగములకు నిలయమైనది. త్సుగె యొషిహరు 1968లో అందు ప్రచురించిన నెజిషికి అను చిన్న బొమ్మకథ, కలవంటి నడకతో, ఆ కళ పెద్దల సాహిత్యమునకు తీసిపోదని చూపెను. అయితే ఆ పత్రికయే తరువాతి కాలమున చిత్రకారులకు పుటకింతయని ప్రతిఫల మీయలేని స్థితికి వచ్చినది. స్వేచ్ఛ యిచ్చినది, కూలి యీయలేదు. దీనిని త్యాగమని పొగడువారున్నారు. నాకు మాత్రము ఇది సగము న్యాయముగానే తోచును. ఇష్టముతో గీసిన బొమ్మకు వెలయేల యని అడుగువాడు, ఇష్టముతో పెంచిన తోటలోని కాయకు వెలయేల యని రైతును అడుగడు గదా. ప్రెస్సునకు బిల్లు చెల్లింతుము, కాగితపు దుకాణమునకు చెల్లింతుము, బైండు చేయువానికి చెల్లింతుము. గీసినవానికి మాత్రము చప్పట్లు చాలునా? సొమ్ము లేనినాడు ఆ మాట ముందుగనే చెప్పి, అసలు చిత్రములను భద్రముగా తిరిగి యిచ్చి, హక్కులు గీసినవానియొద్దనే ఉంచి, అమ్ముడైన ప్రతులలో వంతు వ్రాసి యిచ్చుట చిన్న సంకలనమునకైనను అసాధ్యము కాదు.

పేరు సంగతి ఇంతకంటె సున్నితమైనది. 1947 జూలైలో నాగిరెడ్డి, చక్రపాణిగార్లు ప్రారంభించిన చందమామకంటె మన పిల్లల కన్నులను ఎక్కువగా తీర్చిదిద్దిన పత్రిక వేఱొకటి లేదు. తెనాలినుండి వెళ్లిన చక్రపాణిగారి సంపాదకదృష్టియు, 1952 మొదలు 1980లో కన్నుమూయువఱకు కొడవటిగంటి కుటుంబరావుగారు దిద్దిన తేటభాషయు, చిత్రా, శంకర్ ప్రభృతుల బొమ్మలును కలిసి దానికొక ప్రమాణమును ఏర్పఱచినవి. పట్టువదలని విక్రమార్కుడు శవమును భుజమున వేసికొని కత్తి చేతబట్టి శ్మశానమున నడచు ఆ ఒక్క బొమ్మ చాలును శంకర్‌గారిని తలచుకొనుటకు. 2020లో ఆయన మరణించిన పిదప, మఱుసటి యేట ప్రభుత్వము పద్మశ్రీ ప్రకటించెను. కాని తరముల తరబడి పిల్లలకు నిదురపట్టనీయని ధారావాహికలను వ్రాసిన దాసరి సుబ్రహ్మణ్యముగారి పేరు ఆ ధారావాహికలపై అచ్చుకాలేదు. పత్రికయే రచయిత యన్న భావముతో నడచిన విధానమది. దాని వెనుక దురుద్దేశ మేమియు లేదు. భాష ఒక్కరీతిగా ఉండవలెనన్న సంకల్పముండెను. అయినను, బొమ్మ క్రింద చిత్రకారుని సంతకము నిలిచి, కథ క్రింద కథకుని పేరు నిలువకపోవుట ఒక లోటే. చందమామను హృదయమునకు హత్తుకొన్నవారమే ఈ మాట చెప్పవలెను, పరాయివారు చెప్పకముందే.

మాంగాను తెలుగు చేయబూనినవారికి మఱియొక సంకటము ఎదురగుచున్నది. దానిని గూర్చి ఒకింత వివరముగా చెప్పెదను, ఏలయన దీనిని పట్టించుకొన్నవారు తక్కువ. మాంగాలో జపానువారి లిపి నిలువుగా, పైనుండి క్రిందికి నడచును. కావున పాత్రలు మాటలాడు బుడగలను వారు పొడవుగా, సన్నగా గీయుదురు. మన తెలుగు అడ్డముగా నడచును, సమాసములు పొడుగు, పైన గుడులును క్రింద వత్తులును ఉండుటచేత ఒక్కొక్క పంక్తికి ఎక్కువ ఎత్తు కావలెను. సన్నని నిలువు బుడగలో ‘వెళ్లిపోవలసివచ్చింది’ అను ఒక్క మాటను ఇమిడింపబోయినచో, అక్షరమును చీమతలకాయంత చేయవలెను, లేదా మాటను మూడు ముక్కలుగా విఱువవలెను. పంక్తులు దగ్గఱచేసినచో పై పంక్తి వత్తు క్రింది పంక్తి గుడిలో గుచ్చుకొనును. దీనికి మందు ఒక్కటే: అనువాదకుడును అక్షరములు వ్రాయువాడును ప్రక్కప్రక్కన కూర్చుండి, బుడగను చూచి మాటను ఎన్నుకొనవలెను. ‘ఇక పోక తప్పలేదు’ అన్నచో మూడు చిన్న పంక్తులలో హాయిగా ఇముడును. బాపు తన చేతివ్రాతనే బొమ్మలో భాగము చేసినారు; ఆ వ్రాత తరువాత అచ్చక్షరములకును మూలమైనది. బొమ్మకథలో అక్షరము బొమ్మకు తోబుట్టువని ఆయన మనకు నేర్పియే యున్నారు. మఱి కుడినుండి ఎడమకు నడచు జపాను పుటలను తొలినాటి ఆంగ్ల ప్రచురణకర్తలు అద్దములో ప్రతిబింబమువలె తిరుగవేసి అచ్చువేయగా, కత్తిపట్టిన వీరులందఱును ఎడమచేతివాటపువారైరి. చిత్రకారుడు తూచి పెట్టిన పుట అమరిక తలక్రిందులైనది. పాఠకుని సౌకర్యము పేరిట చిత్రమునకు చేయు ఇట్టి అపచారము మనము చేయవలదు. మొదటి పుటలో రెండు మాటలతో దారి చెప్పినచో మన పాఠకుడు కుడినుండి ఎడమకును చదువగలడు.

ఇప్పుడు అందఱును ఎదురుచూచు ప్రశ్నకు వత్తును: బొమ్మలలో ఏమి చూపవచ్చును, ఏమి చూపరాదు? ఈ తగవు కొత్తది కాదు, ఒక్క దేశమునదియు కాదు. అమెరికాలో 1954లో ఫ్రెడరిక్ వర్థాం అను మానసికవైద్యుడు బొమ్మకథలు బాలురను చెఱచుచున్నవని పుస్తకము వ్రాయగా, ఆ యేటనే ప్రచురణకర్తలు భయపడి తమకు తామే ఒక నియమావళి విధించుకొనిరి. జపానులో 1955లో తల్లుల సంఘములు చెడ్డపుస్తకముల బహిష్కారమునకు పూనుకొనెను. నేడు మాంగా దేవునివలె కొలువబడు తెజుక ఒసాము పుస్తకములును ఆ నిందనుండి తప్పించుకొనలేదు. మన పార్లమెంటు 1956లో యువజనులకు హానికరములగు ప్రచురణలపై చట్టము చేసెను. బొమ్మలతోనైనను, బొమ్మలు లేకనైనను, కేవలము బొమ్మలలోనైనను చెప్పబడిన కథలు అని ఆ చట్టము బొమ్మకథను ప్రత్యేకించి పేర్కొన్నది. ఇరువది యేండ్లు నిండనివారిని యువజనులుగా ఎంచి, నేరములను, క్రౌర్యమును, జుగుప్సాకరమైన ఘటనలను ప్రధానముగా చూపి వారి మనస్సు చెఱచు ప్రచురణలను నిషేధించెను. ఆ చట్టములో నాకు నచ్చిన దొకటి కలదు: ప్రచురణను మొత్తముగా చూడవలెనన్నది. ఒక పుటను చించి చేతబట్టి ఊపుచు, చూచితిరా యని కేకలు వేయుట న్యాయవిచారణ కానేరదు. దాసరివారి ధారావాహికలలో రాక్షసులున్నారు, మాంత్రికులున్నారు. పుట విడదీసి చూపినచో భయంకరమే. కథ మొత్తము చదివిన పిల్లవాడు మాత్రము ధైర్యము నేర్చుకొని లేచినాడు.

శృంగారవిషయమున మన తెలుగువారికి స్వంత అనుభవమే యున్నది. తంజావూరి ప్రతాపసింహుని కాలమునాటి ముద్దుపళని రచించిన రాధికాసాంత్వనమును, అంతకుముందు అచ్చైన ప్రతిలో కొన్ని పద్యములును కవయిత్రి తన వంశమును గూర్చి చెప్పుకొన్న భాగమును లేకుండుట గమనించి, వ్రాతప్రతి సంపాదించి, పోల్చి, సంపూర్ణముగా 1910లో వావిళ్లవారిచేత ప్రకటింపజేసిన విదుషీమణి బెంగుళూరు నాగరత్నమ్మగారు. కందుకూరి వీరేశలింగముగారివంటి మహాపురుషుడు ఆ కావ్యమును తప్పుపట్టగా, పురుషులు వ్రాసిన శృంగారమునకు లేని దోషము స్త్రీ వ్రాసినదానికి ఎట్లు వచ్చెనని ఆమె నిలదీసెను. కొలదికాలమునకే ప్రభుత్వము ఆ గ్రంథమును నిషేధించెను; టంగుటూరి ప్రకాశముగారి చొరవచేత 1947లో ఆ నిషేధము తొలగెను. ఇందు నన్ను విశేషముగా ఆకర్షించునది నాగరత్నమ్మగారు బయలుదేఱిన చోటు. ఆమె మొదట అడిగినది స్వేచ్ఛను గూర్చి కాదు, పాఠమును గూర్చి: తగ్గించి అచ్చువేయుటకు మీకు ఎవరు అధికార మిచ్చిరని. ప్రతిని శుద్ధముగా నిలుపుటయే ఆమె నీతి. రచయిత్రి మాటను కత్తిరించి, కులమును కప్పిపెట్టి, మర్యాదను కాపాడితిమని చెప్పుకొన్న పాత ప్రతియే నిజమునకు అమర్యాదకరమైనది.

అయితే శృంగారముకొఱకు నేను వాదించునప్పుడు ఒక్క గీతను దాటను. పిల్లలను కామదృష్టితో చూపు బొమ్మ, గీసినదైనను, కల్పితమైనను, కళ పేరిట వచ్చినను, సంకలనమున చోటు పొందరాదు. పిల్లల అశ్లీలచిత్రములను దగ్గఱ ఉంచుకొనుటను 2014లో నేరము చేసిన జపాను, గీసిన బొమ్మలను ఆ చట్టమునుండి మినహాయించినది. కల్పనవలన గాయపడు బిడ్డ ఎవరును లేరన్నది అచ్చటి వాదము. నాకది సమ్మతము కాదు. బొమ్మ కాగితముమీదనే ఆగిపోదు. చూచుచూపును అలవాటు చేయును, ఆ చూపు వీధిలోని బిడ్డమీద పడును. మన దేశమున సమాచార సాంకేతిక చట్టమునకు 2008లో వచ్చిన సవరణ, పిల్లలను అసభ్యముగా చూపు డిజిటల్ బొమ్మలను తయారుచేయుటనే నేరముగా ఎంచినది. ఈ విషయమున మన చట్టమే మేలు.

పెద్దలకొఱకు పెద్దలు గీసినదానిని గూర్చి నాకంత భయము లేదు, అది ఏమిటో ముందుగా చెప్పినంతవఱకు. జపాను ప్రచురణకర్తలు 1991 మొదలు అట్టి పుస్తకముల అట్టమీద వయోజనులకు మాత్రమే యను గుర్తు వేయసాగిరి. అది చిన్న గుర్తే గాని, పాఠకునితో చేసికొన్న ఒడంబడిక. మన డిటెక్టివు పాకెట్ పుస్తకముల కాలము జ్ఞాపకమున్నవారికి దీని విలువ తెలియును. కొమ్మూరి సాంబశివరావుగారు యుగంధరుని సృష్టించి తెలుగులో అపరాధపరిశోధన కథకు మర్యాద తెచ్చినవారు. ఆ వెల్లువలో వెలువడిన అనేక పుస్తకముల అట్టలపై మాత్రము లోపలి కథలో ఎచ్చటను లేని అర్ధనగ్నసుందరి, చేత పిస్తోలుతో, రైల్వేస్టేషను దుకాణములనుండి పిలుచుచుండెడిది. లోపల లేనిదానిని అట్టమీద చూపుట అశ్లీలముకంటె పెద్ద తప్పు. అశ్లీలము అభిరుచికి సంబంధించినది, ఇట్టి అట్ట చేయునది మోసము.

అశ్లీలమును విచారించు విషయమున మన న్యాయస్థానములును నెమ్మదిగానే నడచినవి. 1964లో రంజిత్ ఉదేశీ వ్యాజ్యెమున సుప్రీంకోర్టు, చెడుటకు సిద్ధముగానున్న మనస్సు ఏ వాక్యమువలన చెడునో చూచు పాత ఆంగ్లేయ సూత్రమును స్వీకరించెను. 2014లో అవీక్ సర్కార్ వ్యాజ్యెమున ఆ సూత్రమును విడిచి, సమకాలిక సమాజపు ప్రమాణమును, రచన యొక్క సందర్భమును చూడవలెనని చెప్పెను. అర్ధశతాబ్దము పట్టినది. సంకలనకర్తకు అంత వ్యవధి లేదు. ప్రెస్సునకు పుటలు పంపవలసిన రాత్రియే అతడు నిర్ణయించుకొనవలెను.

ఆ నిర్ణయమునకు తోడ్పడు ఏర్పాటొకటి మన పాత పుస్తకములలోనే యున్నది. 2024 వఱకు అమలులోనుండిన 1867నాటి చట్టమునుబట్టి ప్రతి పుస్తకముమీదను ముద్రాపకుని పేరును, ముద్రించిన చోటును, ప్రచురణకర్త పేరును ఉండవలసియుండెను. అందుచేతనే మన తాతలనాటి గ్రంథములు తెఱచినచో మొదటి పుట వెనుక ప్రెస్సు పేరు, ఊరు, ఎన్నవ కూర్పు, ప్రతులు 1000, వెల ఇన్ని అణాలు అని వరుసగా కనబడును. జపానువారు ఇదే వివరమును పుస్తకము చివరిపుటలో ముద్రింతురు. ఆంగ్లప్రభుత్వము మన దేశమున ఆ నియమమును ముద్రాపకులను పట్టుకొనుటకు వీలుగా విధించినది, వాస్తవమే. కాని ఆ పుట నీడలో ముద్రాపకుడు తన పనికి తానే పూచీ పడెను. చిన్న బొమ్మకథా సంకలనమును తలపెట్టిన మన నూజివీడు యువకులు ఆ పుటను ఇంకను విపులము చేయవలెను. ఏ కథ ఎవరు వ్రాసిరి, ఎవరు గీసిరి, బుడగలలో అక్షరము లెవరు కూర్చిరి, అనువాదమైనచో అనుమతి ఎవరిచ్చిరి, ఏ కాగితము వాడిరి, ఏ ప్రెస్సులో ఎవరి పర్యవేక్షణలో అచ్చైనది, ఎన్ని ప్రతులు, ఏ వయసువారికి, అసలు చిత్రములు ఇప్పుడు ఎవరియొద్ద నున్నవి, చిత్రకారునకు ఎంత చెల్లించిరి, చెల్లింపనిచో ఏ ఒప్పందముతో గీసిరి, ఇదంతయు ఒక పుటలో ఇముడును. తన పేరు ఆ పుటలో ఉండుట కిష్టపడని చిత్రకారుడున్నచో, ఆ బొమ్మను గూర్చి సంపాదకుడు అతనితో మఱొకసారి కూర్చుండి మాటలాడవలెను. విజయవాడ ప్రెస్సులలో ఒక్క పుట పెరిగినంతమాత్రమున ఎనిమిది పుటల ఫారము లెక్క తప్పునని అభ్యంతరము చెప్పుదురు. అట్లయినచో అట్ట లోపలివైపు ఖాళీగానే యుండును, అచ్చట వేయుడు.